మడ నేలకు నీటి దారి

(ప్రపంచ చిత్తడి నేలల దినం సందర్భంగా 2025 ఫిబ్రవరి 2న కాకినాడలో విద్యార్థులు, ఉపాధ్యాయులు, మత్స్యకారుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

నాలుగు రోజుల కిందట చొల్లంగి అమావాస్య. మీలో చాలామంది తెల్లవారకముందే లేచి చొల్లంగి వెళ్ళి, తుల్యభాగ పాయ సముద్రంలో కలిసేచోట మునిగి వచ్చి ఉంటారు. గోదావరి ఏడు పాయలు సముద్రంలో కలిసే చోట్ల మునిగే సప్తసాగర యాత్రకు అదే మొదటి మజిలీ అని మన పెద్దలు చెబుతారు. అమావాస్యకూ పౌర్ణమికీ పోటు పెద్దది. మామూలు రోజుల్లో నీరు అందని గట్ల మీదికి కూడా ఆ రెండు మూడు రోజులు నీరు ఎక్కుతుంది. అష్టమి వచ్చేసరికి పోటు చిక్కిపోతుంది. వలకట్టు మీద బతికేవారికి ఈ సంగతి నేను చెప్పనక్కర్లేదు, వారి పంచాంగమే అది. విద్యార్థుల కోసం చెబుతున్నాను. ఎందుకంటే ఈ పూట నేను మాట్లాడబోయేదంతా ఆ పోటు నీటి గురించే. మడ అడవి గురించి మాట్లాడమని నన్ను పిలిచారు. చెట్ల గురించి మాట్లాడాలంటే ముందు నీటి గురించి మాట్లాడక తప్పదు.

చొల్లంగి దాటి యానాం రోడ్డు మీద వెళుతుంటే ఎడమ చేతి వైపు పచ్చగా మొదలయ్యే అడవే కోరంగి. 1978లో దాన్ని అభయారణ్యంగా ప్రకటించారు. దాదాపు 235 చదరపు కిలోమీటర్లు. గౌతమి నుంచి చీలిన కోరంగి పాయ, గాడేరు పాయ దానిలోంచి పోయి కాకినాడ అఖాతంలో కలుస్తాయి. ఎదురుగా సముద్రంలో గోదావరి తెచ్చిన ఇసుకతో పేరుకున్న హోప్ ఐలాండ్. పదహారు కిలోమీటర్ల పొడవున్న ఆ ఇసుక మేట అడ్డుగా ఉండబట్టే కాకినాడ రేవు ముందు నీరు నెమ్మదిగా ఉంటుంది. బావురు పిల్లి, నీటికుక్క ఉండే చోటు ఇది. ఆలివ్ రిడ్లే తాబేళ్ళు గుడ్లు పెట్టడానికి ఒడ్డుకు వచ్చే చోటు ఇది.

ఒకప్పుడు కోరంగి పేరు బర్మా దాకా మోగింది. ఇక్కడి ఓడల్లో రంగూన్ వెళ్ళిన తెలుగువారిని అక్కడ 'కోరంగీలు' అనే పిలిచేవారు. 1789 డిసెంబరులో ఒక ఉప్పెన, 1839 నవంబరులో మరొకటి ఆ రేవును నేలమట్టం చేశాయి. మిగిలిన దాన్ని ఇసుక పూడ్చేసింది. మొగ, అంటే పాయ సముద్రంలో కలిసే చోటు, మూసుకుపోయిన రేవుకు ఓడ రాదు, అందుకే వ్యాపారమంతా కాకినాడకు మళ్ళింది. నీటి దారి మూసుకుపోతే ఊరికైనా అడవికైనా ఏమవుతుందో తెలిసిన నేల మనది.

ఇక చెట్ల దగ్గరకు వద్దాం. మడ చెట్టు నిలబడే నేలలో గాలి ఉండదు. వేలు పెడితే వేలు దిగే నల్ల బురద, కుళ్ళిన గుడ్డు వాసన. ఆ బురదలో వేరుకు ఊపిరి ఆడదు. అందుకే తెల్లమడ తన వేళ్ళను నేలలోంచి పైకి పంపుతుంది. పెన్సిళ్ళు తలకిందులుగా గుచ్చినట్టు చెట్టు చుట్టూ వందల కొద్దీ నిలబడి ఉంటాయి. పోటు తీసిన వేళ అవి గాలి పీల్చుకుంటాయి. ఎండ వేళ తెల్లమడ ఆకును తిప్పి నాలుకతో తాకి చూడండి, ఉప్పు తగులుతుంది. వేరులో ఆపలేకపోయిన ఉప్పును ఆకు బయటికి తోసేస్తుంది. ఉప్పు పొన్న మరో రకం. కాండం నుంచి వంపు తిరిగిన వేళ్ళను కాళ్ళలా నేలకు దించి నిలబడుతుంది. దాని గింజ చెట్టు మీదే మొలకెత్తుతుంది. మునక్కాయలా వేలాడుతూ పెరిగి, పక్వానికి వచ్చాక రాలి, కింద మెత్తటి బురద ఉంటే నిలువుగా దిగబడుతుంది. నీళ్ళలో పడితే తేలుతూ పోయి మరో ఒడ్డున నాటుకుంటుంది. తిల్ల చెట్టు ఉంది, దాని పాలు కంట్లో పడితే చూపుకే ప్రమాదం. పిల్లలు అడవిలోకి వస్తే మొదట చూపించేది ఆ చెట్టునే.

ఇన్ని విద్యలు నేర్చిన చెట్టు కూడా ఒకదానికి మాత్రం తట్టుకోలేదు. వచ్చిన నీరు తిరిగి పోకపోతే బతకలేదు.

ఇది నేను పుస్తకంలో చదివి తెలుసుకోలేదు. నా చేతులతో చెడగొట్టి తెలుసుకున్నాను. ఇరవై ఏళ్ళ పైమాటే. ఒక పాయ పక్కన చెట్టు చేమ లేని బయలు ఉండేది. చుట్టూ అడవి, నడుమ మాత్రం బట్టతలలా నేల. ఖాళీగా ఉంది కదా, నాటుదాం అనుకున్నాం. వానలు వెనకబట్టాక పడవల్లో మొక్కలు తెచ్చి, బడి పిల్లలతో కలిసి వరసలు వరసలుగా నాటాం. ప్రతి మొక్కకూ ఒక వెదురు పుల్ల. సంక్రాంతి దాకా పచ్చగానే ఉన్నాయి. మే నెలలో వెళ్ళి చూస్తే పుల్లలు మాత్రం వరస తప్పకుండా నిలబడి ఉన్నాయి. పక్కన మొక్క లేదు, లేదా ఎండిన కాడ ఉంది. నేల మీద తెల్లటి పొర. కాలు వేస్తే అప్పడంలా విరిగింది. గోటితో గీకితే ఉప్పు. మాతో నాటిన ఒక పాప, ఆరో తరగతి ఉంటుందేమో, తన పుల్ల ఎక్కడుందో వెతుక్కుంటూ వెళ్ళి దాని పక్కన కూర్చుండిపోయింది. ఆ పాపకు ఏం చెప్పాలో నాకు తెలియలేదు.

నీరు అందక ఎండిపోయాయని అప్పుడు అనుకున్నాం. ఆ మాట నిజం కాదని తేల్చింది ఒక తాపీ మేస్త్రి. ఇల్లు కట్టేటప్పుడు పునాది మట్టం చూడటానికి వాడే నీటి గొట్టం మీరు చూసి ఉంటారు, సన్నటి పారదర్శకమైన గొట్టంలో నీళ్ళు నింపి రెండు చివరలా పట్టుకుంటారు. ఆయన దాన్ని పట్టుకుని పాయ అంచు నుంచి బయలు నడుమ దాకా నడిచారు. పాయ అంచున ఉన్న గట్టు కంటే బయలు నడుమ జానెడు పల్లంగా ఉంది. జానెడే. ఆయన ఒకే మాట అన్నారు: "అయ్యా, ఇది పళ్ళెం. నీళ్ళు పోయడానికి వస్తాయి గానీ వంచేవారు లేరు."

అదే జరుగుతోంది. అమావాస్యకూ పౌర్ణమికీ పోటు గట్టు దాటి పళ్ళెంలోకి వస్తుంది. పోటు తీసినప్పుడు గట్టు అడ్డం. నీరు అక్కడే నిలుస్తుంది, ఎండకు ఆవిరవుతుంది, ఉప్పు మిగులుతుంది. పదిహేను రోజులకు మళ్ళీ నీరు, మళ్ళీ ఉప్పు. వానాకాలంలో వాన నీరు ఆ ఉప్పును కొంత కరిగిస్తుంది కాబట్టి అప్పుడు నాటిన మొక్క బతికినట్టే కనిపిస్తుంది. వేసవిలో దాని అసలు పరీక్ష. మేం మొక్కలను ఉప్పు మడిలో నాటామన్న మాట.

నేల పళ్ళెంలా ఎలా అయిందని అడగవచ్చు. తూర్పు తీరంలోని మడ అడవుల్లో ఒకప్పుడు కూపు పద్ధతి నడిచింది. అడవిని ముక్కలుగా విభజించి, ఏటా ఒక ముక్కలో చెట్లన్నీ నరికి కట్టెగా అమ్మేవారు. నరికిన చోట నీడ పోయింది. ఎండ నేరుగా బురదను తాకింది. బురదలో ఉండేది సగానికి పైగా నీరు, కుళ్ళిన వేళ్ళు, ఆకులు. అవి పోయాక నేల కుంగింది. చుట్టూ చెట్లున్న చోట కుంగలేదు. అంతే, పళ్ళెం తయారైంది. తమిళనాడులోని పిచ్చావరంలో ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధనా సంస్థ శాస్త్రవేత్తలు ఈ సంగతిని స్పష్టంగా గుర్తించారు. పాడైపోవడానికి కారణం పశువుల మేత, కట్టెలు కొట్టే జనం అని అందరూ అనుకుంటున్న రోజుల్లో, ఆ జనం చేసినదాని కంటే పాత నరుకుడు విధానం చేసిన చెరుపే పెద్దదని వారు చూపించారు. నాకు ఇది చాలా ముఖ్యమైన మాట. అడవి పక్కన బతికే పేదవాడి మీద నింద వేయడం తేలిక. నేల మట్టం కొలిచి చూడటానికి ఓపిక కావాలి.

కారణం తెలిశాక మందు కూడా తెలిసింది. పాయ నుంచి బయలు నడుమకు ఒక ప్రధాన కాలువ, దానికి రెండు వైపులా ఏటవాలుగా చీలే పిల్ల కాలువలు. పైనుంచి చూస్తే చేప వెన్నుముల్లులా ఉంటుంది. కాలువ పైన వెడల్పు, అడుగున ఇరుకు, అప్పుడే గట్టు జారిపోదు. పోటు వచ్చినప్పుడు నీరు ఈ ముళ్ళ వెంట బయలంతా పాకుతుంది, తీసినప్పుడు అదే దారిన పోతుంది. రోజుకు రెండు సార్లు. మొక్కలు నాటేది బయలు నడుమ కాదు, ఆ కాలువ వాలు మీద, పోటుకు తడిసి పాటుకు తేలే ఎత్తులో. పిచ్చావరంలో మొదలైన ఈ పద్ధతిని 1990ల చివర నుంచి గోదావరి, కృష్ణా మడ అడవుల్లోనూ అటవీ శాఖ, స్వామినాథన్ సంస్థ, చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు కలిసి అమలు చేశారు.

మా బయలులోనూ తవ్వాం. అష్టమి చూసుకుని మొదలుపెట్టాం, పోటు చిన్నది కాబట్టి. బంకమట్టి పారకు అంటుకుంటే వదలదు. ఒకరు కోసిన గడ్డను మరొకరు చేతుల్లోకి అందుకుని దూరంగా వేయాలి. కాలువ పక్కనే పోస్తే మొదటి పోటుకే తిరిగి కాలువలో పడుతుంది. సాయంత్రానికి అందరం ఒకే రంగు. తర్వాత పౌర్ణమి రాత్రి గట్టు మీద కూర్చుని చూశాం. నీరు శబ్దం చేయలేదు. ప్రధాన కాలువలో వెన్నెల మెరుపు ఒకటి ముందుకు జరిగింది, మొదటి పిల్ల కాలువ దగ్గర ఆగినట్టు ఆగి అటు చీలింది, తర్వాత రెండోది. తెల్లవారుజామున అదే నీరు బయటికి పోతుంటే మాలో ఒకామె దోసిట్లోకి తీసుకుని నోట్లో వేసుకుని ఉమ్మేశారు. "సముద్రం కంటే ఉప్పగా ఉంది" అన్నారు. నేలలో ఏళ్ళ తరబడి పేరుకున్న ఉప్పు బయటికి పోతోందని అప్పుడు నమ్మకం కలిగింది.

మొదట వచ్చింది మేం నాటిన మొక్క కాదు. పీతలు వచ్చాయి. నేల నిండా బొరియలు. వాటి వల్ల బురద లోపలికి గాలి, నీరు దిగాయి. తర్వాత ఇలకూర ఎర్రెర్రగా పరుచుకుంది. మరుసటి వానాకాలం చివర పోటు మీద తేలి వచ్చిన తెల్లమడ గింజలు కాలువ అంచుల్లో వాటంతట అవే నాటుకున్నాయి. మేం నాటిన వాటికీ వాటికీ ఇప్పుడు తేడా చెప్పలేం.

నేను చెప్పదలచుకున్నది ఇదే, దీన్ని ఎన్ని విధాలుగా చెప్పినా నాకు తనివి తీరదు: మడ నేలను బాగుచేయడం అంటే నీటికి దారి ఇవ్వడం. అమెరికాలో ఫ్లోరిడా తీరంలో రాబిన్ లూయిస్ అనే శాస్త్రవేత్త ఏళ్ళ తరబడి ఇదే చెప్పారు, చేసి చూపించారు. నేల మట్టం, నీటి రాకపోకలు సరిచేస్తే చాలా చోట్ల విత్తనం తనంతట తానే వస్తుందని. ఫిలిప్పీన్స్‌లో దీనికి విరుద్ధంగా జరిగింది. అక్కడ కోట్ల రూపాయల విలువైన నాట్లు వేశారు. నాటడం సులువని ఉప్పు పొన్న జాతి మొక్కనే, అదీ అది సహజంగా పెరగని లోతట్టు బురద మేటల్లో, సముద్రపు గడ్డి మీద నాటారు. బతికినవి పదిలో ఒకటో రెండో అని జుర్గెన్ ప్రిమవేరా అనే శాస్త్రవేత్త 2008లో రాశారు. మడ మొక్క సహజంగా ఉండే ఎత్తైన చోట్లన్నీ రొయ్యల, చేపల చెరువులైపోయాయి కాబట్టి, ఎవరిదీ కాని చోట నాటారన్నది ఆమె చెప్పిన చేదు నిజం.

పొరుగున ఒడిశాలో చిలికాను చూడండి. అది ఉప్పునీటి సరస్సు. ఒండ్రు పూడి, సముద్రపు మొగ దూరంగా జరిగి, నీరు చప్పబడి, కలుపు మొక్కలు కమ్మేశాయి. 1993లో, చిత్తడి నేలలను కాపాడటానికి దేశాలు చేసుకున్న రామ్‌సర్ ఒప్పందం కింద ప్రమాదంలో ఉన్న చిత్తడి నేలల జాబితాలోకి, అంటే మాంట్రూ రికార్డులోకి ఎక్కింది. చిలికా అభివృద్ధి సంస్థ నీటి లెక్కలు వేయించి, 2000 సెప్టెంబరులో ఇసుక మేటను కోసి కొత్త మొగ తెరిచింది. సముద్రానికి దారి 18 కిలోమీటర్లు దగ్గరైంది. చేపలు, పీతలు, రొయ్యల దిగుబడి రెండేళ్ళలోనే అనేక రెట్లు పెరిగింది. 2002లో చిలికా ఆ ప్రమాద జాబితా నుంచి బయటపడింది. అక్కడ కూడా చేసింది నీటికి దారి ఇవ్వడమే. మన పులికాట్ సరస్సులో మొగలు పూడుకుపోయినప్పుడల్లా జాలరులు ఇదే అడుగుతున్నారు.

తుఫానుల మాట. దివిసీమ ఉప్పెన 1977 నవంబరు 19న. వేలమంది పోయారు. ఈ సభలో ఆ రాత్రిని చూసినవారు ఉన్నారని తెలుసు, ఎక్కువ చెప్పను. మడ అడవి ప్రాణాలు కాపాడుతుందా అన్న ప్రశ్నకు ఒడిశాలో జాగ్రత్తగా జవాబు వెతికారు. 1999 అక్టోబరు పెను తుఫానులో కేంద్రపడా జిల్లాలోని వందలాది ఊళ్ళను సౌదామిని దాస్, జెఫ్రీ విన్సెంట్ పోల్చి చూశారు. సముద్రానికీ ఊరికీ నడుమ మడ అడవి వెడల్పుగా ఉన్న ఊళ్ళలో చావులు తక్కువ. అదే పరిశోధన మరో మాట కూడా చెప్పింది: ముందస్తు హెచ్చరిక కాపాడిన ప్రాణాలు అడవి కాపాడిన వాటి కంటే ఎక్కువ. నేను మడ అడవిని ప్రేమించేవాణ్ణి, అయినా ఈ రెండో మాట దాచను. అధికారులు ఖాళీ చేయమన్నప్పుడు 'మాకు అడవి అడ్డం ఉంది' అని ఎవరూ కూర్చోకూడదు.

కాలువ తవ్వితే అన్నీ సర్దుకుంటాయని కూడా నేను చెప్పను. కాలువలు పూడుతాయి. ఏటా ఒండ్రు తీయాలి. మొదటి ఏడాది ఫోటోలు తీసుకుని వెళ్ళిపోయిన చోట మూడో ఏడాదికి పాత పళ్ళెమే మిగిలింది, చూశాను. తీసేవారికి కూలి గిట్టాలి. మేతకు వదిలిన పశువులు లేత తెల్లమడను కొరికేస్తాయి, వాటి యజమానులతో మాట్లాడి ఒప్పించాలి, కంచె ఒక్కటే సరిపోదు.

అంతకంటే పెద్దది ఎగువ సంగతి. మడ చెట్టు ఉప్పును ఓర్చుకుంటుంది గానీ కోరుకోదు. మంచినీరు కలిసిన చోటే ఏపుగా పెరుగుతుంది. ధవళేశ్వరం దగ్గర 1852లో ఆనకట్ట పూర్తయినప్పటి నుంచి డెల్టా అన్నపూర్ణ అయింది, ఆ అన్నం మనమందరం తిన్నాం, తింటున్నాం. కానీ వేసవిలో ఆనకట్ట దిగువకు వచ్చే గోదావరి నీరు నామమాత్రం. గౌతమి మొగ దాకా సముద్రమే ఎదురు వస్తుంది. నీటితో పాటు ఒండ్రు కూడా తగ్గింది. నది పొడవునా కట్టిన జలాశయాల్లో అది ఆగిపోతోంది. డెల్టా అంచు ఒండ్రుతో పుట్టింది, ఒండ్రు రాకపోతే సముద్రం కోసుకుపోతుంది. ఉప్పాడ రోడ్డు ఎన్నిసార్లు కొట్టుకుపోయిందో మీకు చెప్పాలా? ఉప్పాడ కోతకు ఇంకా కారణాలున్నాయి, ఒక్క ఒండ్రు మీదే నెట్టడం సరికాదు. అయినా మొగ దగ్గర ఎంత తవ్వినా, పై నుంచి కొంత నీరు, కొంత మట్టి సముద్రం దాకా రానివ్వాలి. 'సముద్రంలోకి వృథాగా పోతున్న నీరు' అనే మాటను మనం పత్రికల్లో, సభల్లో అలవాటుగా వాడుతున్నాం. ఆ నీరు తాగే అడవి ఉంది. ఆ నీటికి ఎదురీదే పులస ఉంది. ఆ నీటిలో పిల్లలుగా పెరిగే రొయ్య, పండుగప్ప ఉన్నాయి. వృథా అన్న మాట మానేద్దాం.

రొయ్యల చెరువుల గురించి క్లుప్తంగా. 1990ల మొదట్లో తీరమంతా తవ్వారు. 1994-95లో తెల్లమచ్చ రోగం వచ్చి చాలామందిని ముంచింది. 1996 డిసెంబరులో తీర నియంత్రణ మండలంలోని చెరువులను తొలగించాలని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 2005లో తీర ఆక్వాకల్చర్ సంస్థ చట్టం వచ్చింది. మడ భూమిలో తవ్వి వదిలేసిన చెరువులు కొన్ని ఇంకా అలాగే ఉన్నాయి. వాటిని బాగుచేయడానికి మొక్కలు కొననక్కర్లేదు. పాత పాయ ఎక్కడ పోయేదో ఊరి పెద్దలను అడిగి, సరిగ్గా అక్కడ గట్టు తెంపితే చాలు. కష్టం తెంపడంలో లేదు, ఆ భూమి ఎవరిదో తేల్చడంలో ఉంది. చెరువు గట్టు మీద కాపలా ఉండి కుటుంబాన్ని పోషించుకునే మనిషికి మరో దారి చూపించకుండా గట్టు తెంపమని నేను అనలేను.

ఇక్కడితో ఆపుతాను. ప్రశ్నలు ఉంటే అడగండి.

(ఒక విద్యార్థిని: మా కళాశాల తరఫున వెయ్యి మడ మొక్కలు నాటాలని అనుకుంటున్నాం. ఎక్కడ నాటితే బాగుంటుంది?)

మంచి ఆలోచన తల్లీ. మొక్కలకు ఇప్పుడే డబ్బు కట్టవద్దు. ముందుగా ఆ చోటు నిజంగా పాడైన మడ నేలా, లేక ఎప్పుడూ బురద మేటేనా అని చూడాలి. శీతాకాలంలో దూర దేశాల నుంచి వచ్చే ఉల్లంకి పిట్టలు మేత వెతుక్కునేది ఆ ఖాళీ బురదలోనే. తాబేలు గుడ్లు పెట్టే ఇసుకలో కూడా ఏమీ నాటకూడదు. ఖాళీగా కనిపించిన నేలంతా ఖాళీ కాదు.

ఫిబ్రవరి 12న పౌర్ణమి. అటవీ శాఖ అనుమతి తీసుకునే పని మీ అధ్యాపకులు, నేను చూసుకుంటాం. పదిమంది రండి చాలు. వెదురు కర్రలకు జానకొక గీత చొప్పున సున్నం గీతలు గీసి, పాయ అంచున ఒకటి, గట్టు మీద ఒకటి, బయలు నడుమ రెండు పాతుదాం. పోటు మొదలైనప్పటి నుంచి పూర్తిగా తీసేదాకా, అరగంటకు ఒకసారి ఎవరి కర్ర దగ్గర నీరు ఏ గీత మీద ఉందో వారు రాసుకోవాలి. పన్నెండు గంటలు పట్టవచ్చు. భోజనం కట్టుకుని రండి, మంచినీళ్ళు ఎక్కువ తెచ్చుకోండి. చెప్పులు వద్దు, బురదలో ఊడిపోతాయి. ఒట్టి కాళ్ళతోనూ వద్దు, ఊపిరి వేళ్ళు గుచ్చుకుంటాయి. బిగుతుగా లేసు కట్టుకునే పాత గుడ్డ బూట్లు ఉంటే వేసుకోండి. కర్రలు, సున్నం నేను తెస్తాను.